డేవిడ్ పొప్పర్

మధ్య ఐరోపాలో వల్టావా నదీతీరమున ప్రాగ్ అను ప్రాచీన నగరము కలదు. నేడది చెక్ దేశమునకు రాజధాని. 19వ శతాబ్దిలో అది ఆస్ట్రియా చక్రవర్తుల ఏలుబడిలో నుండెను. ఆ నగరమున యూదులకు ప్రత్యేకముగ ఒక పేట యుండెను. ఇరుకు సందులు, ఒకదానినొకటి ఆనుకొనియున్న పాత యిండ్లు, వాని నడుమ ప్రార్థనామందిరములు, ఇదియే ఆ పేట స్వరూపము. అనేక తరములుగా యూదులు అచ్చటనే నివసింపవలసి వచ్చెను. వారి వృత్తులకును, నివాసమునకును, తుదకు వివాహములకును గూడ ప్రభుత్వము హద్దులేర్పరచి యుండెను. అట్టి నగరమున యూదుల కుటుంబములో 1843వ సంవత్సరమున డేవిడ్ పొప్పర్ జన్మించెను.

అతని తండ్రి ప్రార్థనామందిరమున స్తోత్రములు పాడు గాయకుడు. యూదుల ఆరాధనలో అట్టి గాయకునకు గౌరవస్థానము కలదు. తండ్రి కంఠము వినుచు పెరిగిన ఆ బాలునకు సంగీతము సహజముగనే అబ్బెను. పసితనముననే అతడు వయొలిన్ పట్టెను. పియానో వాయించుటయు నేర్చెను.

పండ్రెండేండ్ల ప్రాయమున డేవిడ్ ప్రాగ్ నగర సంగీత కళాశాలలో ప్రవేశము కోరి పరీక్షకు వెళ్ళెను. బాలుని ప్రతిభ పరీక్షకులకు నచ్చెను. కాని వయొలిన్ నేర్చువారు కళాశాలలో అప్పటికే పెక్కుమంది యుండిరి. చెల్లో నేర్చువారే కరవైరి. చెల్లో నేర్చుటకు సమ్మతించినచో చేర్చుకొందుమని వారు నియమము పెట్టిరి. చిన్ననాటినుండి చేతికి అలవడిన వాద్యమును విడిచి, మరల మొదటినుండి వేరొక వాద్యమును ఆరంభించుట బాలునకు సులభమైన పని కాదు. అయినను డేవిడ్ వెనుదీయలేదు. ఆనాడు అతడు పలికిన సమ్మతియే అతని జీవితమును నిర్ణయించెను.

చెల్లో వయొలిన్ కుటుంబమునకు చెందినదే గాని ఆకారమున చాల పెద్దది. వాదకుడు ఆసనముపై కూర్చుండి, దానిని మోకాళ్ళ నడుమ నిలిపి, కమానుతో వాయించును. దానికి నాలుగు తంత్రులు. దాని నాదము గంభీరమై మగవాని కంఠమును తలపించును. తంత్రులు లావు, స్వరస్థానముల నడుమ దూరము ఎక్కువ. అందుచే ఎడమచేతి వ్రేళ్ళు బాగుగ సాగవలెను. హెచ్చు స్థాయి స్వరములను పలికించునపుడు బొటనవ్రేలిని సైతము తంత్రులపై నుంచి వాయింపవలసి యుండును. ఆ కాలమున వాద్యబృందములలో చెల్లో తరచుగ ఇతర వాద్యములకు క్రింది శ్రుతినిచ్చి ఆసరాగా నుండెడిది. ఒంటరిగా సభను రంజింపజేయు కృతులు వయొలినుకును, పియానోకును ఉన్నన్ని దానికి లేవు.

యూలియస్ గోల్టర్మన్ అను ఆచార్యుని యొద్ద డేవిడ్ ఈ వాద్యమును శ్రద్ధతో అభ్యసించెను. 1863లో, ఇరువదేండ్ల వయసున, జర్మన్ నగరములలో కచేరీలు చేయుటకు బయలుదేరెను. ఆనాటి ప్రసిద్ధ పియానో విద్వాంసుడును, వాద్యబృంద నిర్వాహకుడును అగు హాన్స్ ఫన్ బ్యూలో ఈ యువకుని శక్తిని గుర్తించి ప్రోత్సహించెను.

1867లో ఆస్ట్రియా సామ్రాజ్యమున నూతన రాజ్యాంగ శాసనము అమలులోనికి వచ్చి, యూదులకు ఇతర పౌరులతోపాటు సమానహక్కులు లభించెను. ఆ మరుసటి యేడే, అనగా 1868లో, పొప్పర్ రాజధాని వియన్నాలో చక్రవర్తి ఆస్థాన సంగీతనాటకశాలకు ప్రధాన చెల్లో వాదకుడయ్యెను. పాత యూదుల పేట నీడలో పెరిగిన గాయకుని కుమారుడు ఇరువదియైదేండ్లకే సామ్రాజ్యమున మేటి వాద్యబృందములో ముందువరుసన కూర్చుండెను. 1869లో ఆ నాటకశాలకు క్రొత్తగా మహాభవనము కూడ వెలసెను.

1872లో ఆయన సోఫీ మెంటర్ అను పియానో విద్వాంసురాలిని వివాహమాడెను. ఆమె లోకప్రసిద్ధుడైన ఫ్రాంజ్ లిస్ట్ శిష్యురాలు. మరుసటి యేట పొప్పర్ ఆస్థాన కొలువును వదలుకొనెను. స్థిరమైన జీతమును, పదవిని విడిచి, ఐరోపా నగరములందు కచేరీలు చేయుచు తిరిగెను. కొన్ని కచేరీలలో భార్యాభర్తలిరువురును కలిసి వాయించిరి. కాని ఆ దాంపత్యము కడవరకు నిలువలేదు. 1886లో వారు విడిపోయిరి.

చెల్లోకు కృతులు చాలవను కొరతను తీర్చుటకు పొప్పర్ తానే పూనుకొనెను. వాద్యబృందముతో వాయించు దీర్ఘకృతులు నాలుగింటిని, ఇంకను పెక్కు చిన్న కృతులను రచించెను. వనదేవతల నృత్యమును వర్ణించు కృతిలో కమాను తంత్రులపై తేలికగా గంతులు వేయుచు పరుగులిడును. రాట్నపు పాటలో తిరుగు చక్రపు ఝంకారము వినవచ్చును. హంగరీ దేశపు బాణీలతో కూర్చిన కృతి మొదట నెమ్మదిగ నడచి తుదకు ఉధృతమగును. బరువైనదని తలచిన వాద్యము ఇంత చురుకుగ పలుకగలదని ఆయన లోకమునకు చూపెను. 1891లో లండన్ నగరమున మూడు చెల్లోలు కలిసి పాడునట్టి శోకగీతమొకటి తొలిసారి వినిపింపబడెను. మరణించిన తన మిత్రుడును, తన కృతుల ప్రకాశకుడును అగు డానియల్ రాటర్ స్మృతికి ఆయన దానిని అంకితమిచ్చెను.

1886లో పొప్పర్ జీవితము మరియొక మలుపు తిరిగెను. హంగరీ రాజధాని బుడాపెస్టులోని సంగీత విద్యాలయమునకు చెల్లో బోధింపగల ఆచార్యుడు కావలసి వచ్చెను. ఆ విద్యాలయమునకు అధ్యక్షుడైన లిస్ట్ పొప్పర్ పేరును సూచించెను. ఆ యేడే లిస్ట్ కన్నుమూసెను. నేడా విద్యాలయము లిస్ట్ పేరిటనే పిలువబడుచున్నది. అచ్చటనే వయొలిన్ బోధించుచున్న యెనో హూబాయితో కలిసి పొప్పర్ నలుగురి వాద్యగోష్ఠి నొకదానిని నెలకొల్పెను. మహాస్వరకర్త బ్రామ్స్ తన పియానో త్రయకృతి నొకదానిని 1886 డిసెంబరు 20న బుడాపెస్టులో తొలిసారి వినిపించినపుడు, ఆయన పియానో వాయింప, హూబాయియు పొప్పరును తోడుగ వాయించిరి.

అప్పటికి పొప్పర్ కీర్తి శిఖరమున నుండెను. అయినను తరగతిగదిని ఆయన తక్కువగ చూడలేదు. 27 సంవత్సరములు, మరణపర్యంతము, ఆ విద్యాలయముననే బోధించెను. వాగ్నర్ మొదలగు స్వరకర్తల నూతన రచనలలో స్వరములు ఊహింపరాని మార్గములలో మలుపులు తిరుగుచుండెను. పాత పాఠములు నేర్చిన విద్యార్థుల వ్రేళ్ళు అచ్చట తడబడుచుండెను. ఈ చిక్కును తొలగించుటకై ఆయన 40 అభ్యాసగతులను రచించెను. అవి 1901 మొదలు 1905 వరకు నాలుగు భాగములుగ వెలువడెను. ఒక్కొక్క అభ్యాసము ఒక్కొక్క కష్టమును ఎత్తుకొని, చేయి దానిని జయించు దారిని చూపును. అయినను అవి వట్టి కసరత్తులు కావు, వినదగిన సంగీతమే. చిన్న విద్యార్థుల కొరకు సులభమైన అభ్యాసములను వేరుగ వ్రాసెను.

1913 ఆగస్టు 7న వియన్నా సమీపముననున్న బాడెన్ పట్టణమున పొప్పర్ మరణించెను. ఐరోపాను మురిపించిన ఆయన వాదనము ఏ రికార్డునందును నిలువలేదు. విన్నవారితోడనే ఆ నాదము అంతరించెను. ఆయన ఎరిగిన ప్రాగ్ యూదుల పేటలో పాత యిండ్లు పెక్కు ఆ కాలముననే పడగొట్టబడెను. రెండవ ప్రపంచయుద్ధ కాలమున నాజీలు ఐరోపాలో 60 లక్షల యూదులను సంహరించిరి. ప్రాగ్ యూదులలో అత్యధికులు ఆ మారణకాండకు బలియైరి.

అయినను పొప్పర్ విద్య నశింపలేదు. ఆయన శిష్యుడు అడాల్ఫ్ షిఫర్ అదే విద్యాలయమున ఆచార్యుడై, యానోష్ స్టార్కర్ అను యూదు బాలునకు చెల్లో నేర్పెను. యుద్ధకాలమున స్టార్కర్ నిర్బంధ శిబిరమున మ్రగ్గెను. అతని అన్నలిద్దరును నాజీల చేత హతులైరి. బ్రతికి బయటపడిన స్టార్కర్ అమెరికా చేరి, విశ్వవిఖ్యాత వాదకుడై, 1958 నుండి ఇండియానా విశ్వవిద్యాలయమున వేలకొలది మైళ్ళ దూరమునుండి వచ్చిన విద్యార్థులకు ఆ విద్యనే పంచెను. 2013లో ఆయన మరణించెను.

నేడును ప్రపంచమున ఏ మూలనైనను చెల్లోలో పైమెట్టు ఎక్కగోరు విద్యార్థి పొప్పర్ అభ్యాసములను ముందుంచుకొని కూర్చుండును. తాను కోరని వాద్యమును చేపట్టిన ఆ పండ్రెండేండ్ల బాలుడు, దానిని తన శ్రమతో ఉన్నతస్థానమున నిలిపెను. సభలలో పొందిన కరతాళధ్వనులు ఆయనతోడనే ముగిసెను. తరగతిగదిలో విద్యార్థుల తడబాటు చూచి ఓర్పుతో వ్రాసిన పుటలు మాత్రము నిలిచినవి.