ఆస్ట్రేలియా సమాఖ్య నిర్మాత ఆల్ఫ్రెడ్ డీకిన్

రాజ్యములు యుద్ధములచేత ఏకమగుట చరిత్రయందు తరచుగా కాననగును. ఆరు ప్రభుత్వములు, ఆరు శాసనసభలు, ఆరు విధములైన సుంకములు గల ఒక ఖండము, చర్చలచేతను ప్రజల ఓట్లచేతను ఒక్క రాజ్యమగుట అరుదు. 1901 జనవరి 1వ తేదీన ఆస్ట్రేలియాలో జరిగినది అట్టిదే. ఆ సమాఖ్యను నిర్మించిన హెన్రీ పార్క్స్, శామ్యూల్ గ్రిఫిత్, ఎడ్మండ్ బార్టన్ మున్నగువారిలో ఆల్ఫ్రెడ్ డీకిన్ చరిత్ర భారతీయులు ప్రత్యేకముగా తెలిసికొనదగినది. ఆయన మన దేశమును శ్రద్ధతో చూచి గ్రంథములు వ్రాసినవాడు. మనవారికి తన దేశద్వారములను మూసినవారిలో ముఖ్యుడును ఆయనయే.

డీకిన్ 1856 ఆగస్టు 3వ తేదీన మెల్బోర్న్ నగరమున జన్మించెను. న్యాయశాస్త్రము చదివెను గాని వకీలు వృత్తి ఆయనకు అంతగా కలసిరాలేదు. డేవిడ్ సైమ్ అధిపతిగా నున్న ‘ది ఏజ్’ పత్రికలో వ్రాయుచు రాజకీయములలో ప్రవేశించెను. 1879లో విక్టోరియా శాసనసభకు ఎన్నికయ్యెను. ఒక పోలింగు కేంద్రమున ఓటు చీటీలు చాలక కొందరు ఓటు వేయలేకపోయిరని ఎరిగి, సభలో తన మొదటి ఉపన్యాసమునందే ఆ స్థానమును వదలుకొనెను. పిదప రెండుమారులు ఓడి, 1880 జూలైలో మరల గెలిచెను. ఇరువదిరెండేండ్ల యువకుడు చేసిన ఆ త్యాగమును ప్రజలు మరువలేదు.

వానలు తక్కువైన దేశమునకు నీటిపారుదలయే ప్రాణమని ఆయన విశ్వసించెను. మంత్రిగా 1885లో కాలిఫోర్నియా వెళ్లి అచటి కాలువలను పరిశీలించెను. 1890–91లో భారతదేశమునకు వచ్చి, మన సేద్యపు పనులను, దేవాలయములను దర్శించెను. 1893లో మన నీటిపారుదలపై ఒకటి, మన ఆలయములు, సమాధి మందిరములపై మరియొకటి, రెండు గ్రంథములు ప్రకటించెను. హిందూ బౌద్ధ మతములను గూర్చియు, దివ్యజ్ఞాన సమాజ భావములను గూర్చియు ఆయనకు గల ఆసక్తి కేవలము యాత్రికుని కుతూహలము కాదు.

సమాఖ్యకు 1890లో మెల్బోర్న్ సమావేశమున నాంది జరిగెను. 1891లో సిడ్నీయందు రాజ్యాంగ చిత్తు సిద్ధమయ్యెను గాని శాసనసభలు దానిని ప్రక్కకు నెట్టినవి. 1893లో కొరోవా పట్టణమున జరిగిన సభలో జాన్ క్విక్ ఒక మార్గము సూచించెను: ప్రతినిధులను ప్రజలే ఎన్నుకొనవలెను; వారు వ్రాసిన రాజ్యాంగమును ప్రజలే ఆమోదింపవలెను. ఆ విధముగా 1897–98లో రాజ్యాంగసభ కూడెను. చిన్న రాజ్యములు సెనేటులో సమాన స్థానములు కోరినవి. పెద్దవి జనసంఖ్యకు తగిన బలము కోరినవి. న్యూ సౌత్ వేల్స్ స్వేచ్ఛావాణిజ్యమును, విక్టోరియా రక్షణ సుంకములను ఆశ్రయించియుండెను. ఈ పక్షముల నడుమ తిరిగి, పట్టుదలలను సడలించి, మాట కలిపినవారిలో డీకిన్ అగ్రగణ్యుడు. రాజ్యములకు సెనేటులో సమానత్వము, ప్రతినిధుల సభలో జనసంఖ్య ప్రాతిపదిక అను ఒప్పందము కుదిరెను.

1898 మార్చిలో విక్టోరియాలోనే సందేహములు తలయెత్తెను. ‘ది ఏజ్’ ఊగిసలాడుచుండెను. అప్పుడు బెండిగో పట్టణమున ఒక విందుసభలో డీకిన్ చేసిన ఉపన్యాసము ప్రజాభిప్రాయమును సమాఖ్యవైపు త్రిప్పెను. విక్టోరియా ఆమోదించెను. న్యూ సౌత్ వేల్స్‌లో అనుకూలముగా 71,595 ఓట్లు వచ్చి, అవియే ఎక్కువయ్యు, చట్టము విధించిన 80,000 సంఖ్య చేరలేదు. 1899లో ప్రధానులు మరల కూడి, రాజధాని న్యూ సౌత్ వేల్స్‌లో సిడ్నీకి నూరు మైళ్లకు తగ్గని దూరమున నుండవలెననియు, అంతవరకు పార్లమెంటు మెల్బోర్న్‌లో కూడవలెననియు నిశ్చయించిరి. రెండవ ఓటింగులో ఆ రాజ్యమును అంగీకరించెను.

1900లో బార్టన్, కింగ్‌స్టన్, డీకిన్‌లు లండను వెళ్లిరి. ప్రజలు ఆమోదించిన రాజ్యాంగమున ఒక్క అక్షరము మార్చరాదని వారి పట్టు. ప్రివీ కౌన్సిలు అప్పీళ్లు తగ్గరాదని వలసల మంత్రి జోసెఫ్ చేంబర్లేన్ పట్టు. దీర్ఘచర్చల పిమ్మట, కొన్ని రాజ్యాంగ ప్రశ్నలు హైకోర్టు అనుమతి లేక లండనుకు పోరాదని రాజీ కుదిరెను. చేంబర్లేన్ గది వీడి తలుపు మూసుకొనగానే, ఆ ముగ్గురు పెద్దమనుష్యులు చేతులు పట్టుకొని చుట్టు తిరిగి నాట్యమాడిరట!

నూతన రాజ్యమున బార్టన్ ప్రథమ ప్రధాని, డీకిన్ ప్రథమ అటార్నీ జనరల్ అయిరి. మొదటి సంవత్సరమే, 1901లో, వలసల నిరోధ చట్టము వచ్చెను. వచ్చినవాడు అధికారి చదివిన 50 మాటల భాగమును ఒక ఐరోపా భాషలో వ్రాయవలెను. ఏ భాష యన్నది అధికారి ఇష్టము. దీనిని సభలో గట్టిగా సమర్థించినవాడు డీకిన్. జాతియైక్యము లేక సమాఖ్య నిలువదని ఆయన వాదము. ఆసియావాసుల దుర్గుణములకు గాక, వారి శ్రమశీలమునకే తాము వెరచుచున్నామని ఆయన ఒప్పుకొనుట గమనింపదగినది. ఆ దేశపు ఆదివాసులను రాజ్యాంగము జనాభా లెక్కలలోనే చేర్చలేదు. ఆ నిబంధన 1967లో, భాషాపరీక్ష 1958లో తొలగెను. శ్వేతజాతి విధానపు తుది ఛాయలు 1973లో పోయెను. ఇప్పుడు అదే మెల్బోర్న్‌లో తెలుగువారు వేలసంఖ్యలో నివసించుచున్నారు.

డీకిన్ 1903 నుండి 1910 లోపల మూడుమారులు ప్రధాని అయ్యెను. హైకోర్టును నెలకొల్పిన 1903 చట్టము ఆయన కృషి ఫలము. బిరుదులను స్వీకరింపలేదు. వాక్చాతుర్యమునకు పేరొందిన ఆయనకు కడపటి సంవత్సరములలో జ్ఞాపకశక్తి క్షీణించి, మాటలే దొరకకపోయెను. 1919 అక్టోబరు 7వ తేదీన మరణించెను. సమాఖ్య చర్చలపై ఆయన వ్రాసియుంచిన వృత్తాంతము 1944లో వెలువడెను.

వేరు వేరు పక్షములను ఒక బల్లచుట్టు కూర్చుండబెట్టి, ఓర్పుతో ఒప్పించిన ఆయన నేర్పు సమాఖ్యలో కొలువుచేయు మనవంటివారికి ఆదర్శము. ఆ బల్లవద్ద చోటు దొరకనివారి సంగతి ఆయన తలపలేదు. ఆయన గొప్పదనమును చెప్పునపుడు ఈ రెండింటిని కలిపి చెప్పుటయే న్యాయము.