సరళాదేవి చౌధురాణి

కలకత్తా నగరమున జొరాసాంకో యను పేటలో ఠాకూరు వంశమువారి పెద్ద లోగిలి కలదు. పందొమ్మిదవ శతాబ్దమున వంగదేశపు కవిత్వము, సంగీతము, నాటకము చాలవరకు ఆ లోగిలి నీడనే పెరిగినవి. 1872వ సంవత్సరము సెప్టెంబరు 9వ తేదీని సరళాదేవి అచ్చటనే జన్మించెను. తల్లి స్వర్ణకుమారీదేవి నవలలు వ్రాసి పేరొందిన విదుషి. రవీంద్రనాథ ఠాకూరునకు అక్క. తండ్రి జానకీనాథ ఘోషాలు కాంగ్రెసు మహాసభను తొలినాళ్లనుండి సేవించినవాడు.

సంపన్నుల యిండ్లలో బిడ్డలు దాదుల చేతులలో పెరుగుట ఆనాటి ఆచారము. తల్లి రచనలో మునిగియుండగా, ఆమె తన్ను చేరదీయు క్షణమునకై ఎంతగా ఎదురుచూచెడిదో సరళ ముదిమియందును మరువలేదు. ఆ కొరతను తీర్చినది పాట. మేనమామ రవీంద్రుని పాటలను ఆమె ఎంతో మక్కువతో నేర్చుకొనెడిది. అంతేకాదు, గంగపై పడవలు నడుపువారు పాడుకొను బాఉల్ పాటలను సైతము అడిగి నేర్చుకొని మామకు వినిపించెడిది. చెవికి సోకిన వరుసను జారవిడువని జ్ఞాపకశక్తి ఆమెది.

ఆమె బెథ్యూన్ కళాశాలలో చదివి 1890లో ఆంగ్లసాహిత్యమున ఆనర్సుతో బి.ఏ. పట్టము పొందెను. స్త్రీలలో ప్రథమురాలైనందున పద్మావతీ స్వర్ణపతకము లభించెను. భౌతికశాస్త్రమునందును ఆమెకు ఆసక్తి మెండు. మహేంద్రలాల్ సర్కారు స్థాపించిన విజ్ఞానసంస్థలో సాయంకాలపు ఉపన్యాసములకు అన్నను, మరియొక బంధువును తోడుగొని పోయెడిది. పురుషులతో నిండిన ఆ సభలో ఆడుపిల్ల కూర్చుండుట అప్పటికి వింత.

ఇంట ధనమునకు లోటు లేదు. అయినను పురుషునివలె తానును పనిచేసి సంపాదింపవలెనను కోరిక ఆమెను నిలువనీయలేదు. పెద్దలను ఒప్పించి మైసూరునకు పోయి, మహారాణీ బాలికాపాఠశాలలో ఉపాధ్యాయినిగా చేరెను. అవివాహితయగు వంగయువతి వేయిమైళ్ల దూరమున ఒంటరిగా కాపురముండుట సామాన్యమైన సాహసము కాదు. ఒకనాటి రాత్రి ఆమె యింటిలో అన్యుడొకడు చొరబడెను. ఆపద తప్పినది గాని, వార్త స్వదేశమునకు ప్రాకినది. కలిగినింటి కన్యకు దూరదేశపు కొలువేలయని బెంగాలులో కొందరు పత్రికలలో ఎత్తిపొడిచిరి. తప్పు చేసినవానిని విడిచి ఆమెనే నిందించిన ఆ వ్రాతలు ఎంత అన్యాయమైనవో చెప్పనక్కరలేదు. అనతికాలమునకే ఆమె ఇల్లు చేరెను.

అయినను ఆమె వట్టిచేతులతో రాలేదు. దక్షిణదేశపు వరుసలను పూలసజ్జవలె నింపుకొని వచ్చి మామ యెదుట ఉంచెను. రవీంద్రుడు వానికి వంగభాషలో మాటలు కూర్చెను. అట్టి పాటలలో ఒకటి మన త్యాగయ్యగారి తెలుగు కృతి లావణ్యరామ వరుసపై నడచును. ఆ వరుసను మామకు అందించినది తానేయని సరళ తన స్వీయచరిత్రమున చెప్పుకొన్నది. కావేరీతీరమున పుట్టిన తెలుగుపాట గంగాతీరమునకు చేరిన త్రోవలో ఈ ఉపాధ్యాయిని యుండెను. 1900లో ఆమె నూరు పాటలను స్వరములతో శతగాన్ అను పేర ప్రకటించెను.

తల్లి నడిపిన భారతి పత్రికకు ఆమె సంపాదకత్వము వహించెను. వంగయువకులు పిరికివారను నింద ఆమెను బాధించెడిది. తన యింటిముంగిటనే వ్యాయామశాల పెట్టించి, ముర్తజా అను ఉస్తాదుచేత కఱ్ఱసామును, కత్తిసామును నేర్పించెను. 1904లో స్త్రీలకు స్వదేశీ వస్తువులు విక్రయించు లక్ష్మీభాండారమును నెలకొల్పెను. దేహబలమే దేశబలమని ఆనాడామె గాఢముగా నమ్మినది.

1905 అక్టోబరులో పెద్దల నిశ్చయము మేరకు లాహోరు న్యాయవాది రామభుజదత్త చౌధురితో వివాహము జరిగెను. ఆ డిసెంబరులోనే కాశీలో కాంగ్రెసు మహాసభ. వందేమాతర గీతములో మొదటి చరణములకు రవీంద్రుడు వరుస కట్టగా, తక్కినవానికి మామ ఆజ్ఞపై సరళయే కట్టియుండెను. అప్పటికి తూర్పుబెంగాలులో వీథులందు వందేమాతరమనుటయే నేరము. సభవారు ఆమెను పాడుమని కోరిరి. అధ్యక్షుడు గోపాలకృష్ణ గోఖలే వెనుకాడి, కొంతభాగము మాత్రమే పాడవలసినదని చీటి పంపెను. ఆమె ఆ చీటిని చదివి, పాటను కడముట్ట పాడెను. పాటలో బెంగాలు జనసంఖ్యను తెలుపు ఏడుకోట్ల మాటను మార్చి, భారతదేశమంతటికి చెల్లునట్లు ముప్పదికోట్లనెను. ఒక్క సంఖ్య మారినంతనే వంగమాత భారతమాతయైనది!

పంజాబున ఆమె ఊరకుండలేదు. 1910లో అలహాబాదున భారత స్త్రీ మహామండలమును స్థాపించెను. ఘోషాలోనున్న స్త్రీలు బడికి రాలేరు గనుక, బడినే వారి యింటికి పంపవలెనని ఆమె తలంపు. ఉపాధ్యాయినులు ఇంటింటికి పోయి చదువు చెప్పిరి. భర్తతోపాటు హిందుస్థాన్ పత్రికను నడుపుటలో పాలుపంచుకొనెను.

1919లో జలియన్‌వాలాబాగు దురంతము, సైనికశాసనము పంజాబును కుదిపివేసినవి. రామభుజదత్తునకు యావజ్జీవశిక్ష పడెను. ఆ సంవత్సరాంతమున విడుదల కలిగెను. ఆయన చెరలో నుండగనే గాంధీమహాత్ముడు లాహోరునకు వచ్చి వారి యింట బసచేసెను. కత్తిసాము నేర్పించిన చేయి అప్పుడు రాట్నము పట్టినది. పట్టుచీరలకు అలవాటుపడిన సరళ ముతకఖద్దరు చీర ధరించి సభలలో నిలిచెను. ఆనాటి ఖద్దరు బరువెంతయో కట్టినవారికే తెలియును.

1923లో భర్త మరణించెను. ఆమె కలకత్తా చేరి, 1930లో బాలికలకై భారత స్త్రీ శిక్షాసదనమును నెలకొల్పెను. కొన్నియేండ్లకు ప్రజాజీవితము విడిచి ఆధ్యాత్మికచింతనలో కాలము గడపెను. కడపటి దినములలో దేశ్ పత్రికకై వ్రాసిన స్వీయచరిత్రమునకు జీవితపు రాలుటాకులను అర్థము వచ్చు పేరు పెట్టెను. 1945 ఆగస్టు 18వ తేదీని ఆమె కన్నుమూసెను. గ్రంథము పుస్తకరూపమున వెలువడునప్పటికి ఆమె లేదు. అందలి కథ వివాహముతోడనే ఆగిపోవును. లాహోరులో గడచిన సంవత్సరములను ఆమె వ్రాయలేదు.