మన కరీంనగర్ మనిషి – పైడి జైరాజ్

స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాయమని సంఘం మిత్రులు అడిగితే, బడి జ్ఞాపకాలు రాద్దామనుకున్నాను. అవి నాకంటే బాగా రాసేవాళ్లు మన బ్యాచ్‌లోనే ఉన్నారు. అందుకే గోదావరి అవతలి ఒడ్డున పుట్టిన ఒక పెద్దమనిషి గురించి రాస్తున్నాను.

లక్సెట్టిపేట నుంచి బస్సెక్కి మంచిర్యాలకు పోయి ‘షోలే’ చూసిన వాళ్లం మనం. అందులో పోలీసు కమిషనర్‌గా కాసేపు కనిపించే పెద్దాయన కరీంనగర్‌లో పుట్టాడని అప్పుడు మనలో ఎవరికీ తెలవదు. ఉద్యోగంలో చేరిన ఎన్నో ఏళ్లకు నాకు తెలిసింది.

పైడి జైరాజ్ 1909 సెప్టెంబర్ 28న కరీంనగర్‌లో పుట్టారు. హైదరాబాద్ నిజాం కాలేజీలో చదివారు. 1929లో, ఇరవై ఏళ్లన్నా నిండకుండానే బొంబాయి చేరారు. అవి మూకీల రోజులు. స్టూడియోల్లో చేతికి దొరికిన పనల్లా చేశారు. ‘జగ్‌మగ్‌తీ జవానీ’లో చిన్న వేషం వేశారు. గుర్రపు స్వారీ, కత్తియుద్ధం వచ్చిన మనిషి కాబట్టి హీరోకు బదులు సాహసాలూ చేశారు. తర్వాత ‘రసీలీ రాణి’తో తానే హీరో అయ్యారు.

టాకీలు రాగానే మూకీల తారల్లో చాలామందికి మాటే అడ్డమైంది. జైరాజ్‌కు ఆ ఇబ్బంది రాలేదు. నిజాం రాజ్యంలో పెరిగినందువల్ల ఉర్దూ ఆయన నోట్లో ఆడేది. 1932లో ‘షికారీ’తో టాకీల్లోకి వచ్చారు. ఇక్కడ నా సంగతి ఒకటి చెప్పాలి. ఇంజనీరింగ్‌లో చేరిన కొత్తలో నా మాట విని తోటివాళ్లు నవ్వితే, ఏడాది పాటు క్లాసులో నోరు విప్పలేదు. మన నేల నేర్పిన భాషే ఒకాయనకు బొంబాయిలో అన్నం పెట్టిందని అప్పుడెవరైనా చెప్పి ఉంటే ఎంత బాగుండేదో!

బాంబే టాకీస్ వారి ‘భాభీ’ (1938), దేవికారాణితో ‘హమారీ బాత్’ (1943) ఆయనకు పేరు తెచ్చాయి. నటనతో ఆగలేదు. 1945లో దిలీప్‌కుమార్ రెండో సినిమా ‘ప్రతిమ’కు దర్శకత్వం వహించారు. 1951లో ‘సాగర్’ నిర్మించారు. యాభైలలో కొత్త హీరోలు ముందుకొచ్చాక, చారిత్రక, జానపద చిత్రాల వైపు మళ్లారు. చాలా వరకు తక్కువ ఖర్చుతో తీసిన సినిమాలవి. హోమీ వాడియా తీసిన ‘హాతిమ్ తాయ్’ (1956), ‘పృథ్వీరాజ్ చౌహాన్’, ‘టిప్పు సుల్తాన్’ (రెండూ 1959), ‘చంద్రశేఖర్ ఆజాద్’ (1963) అలాంటివే. పెద్ద నగరాల్లో కంటే మనలాంటి ఊళ్ల టూరింగ్ టాకీసుల్లోనే ఇలాంటి బొమ్మలకు జనం ఎక్కువ. ఇంగ్లీషులో తీసిన ‘నైన్ అవర్స్ టు రామా’ (1963)లో ఘనశ్యామ్‌దాస్ బిర్లా పాత్ర కూడా వేశారు.

వయసు మీదపడ్డాక తండ్రి, డాక్టరు, పోలీసు అధికారి వంటి చిన్న వేషాలు వచ్చాయి. ఒకప్పుడు కథంతా తన చుట్టే తిరిగిన మనిషి, రెండు నిమిషాల వేషాన్ని కూడా కాదనలేదు. 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నారు. 2000 ఆగస్టు 11న ముంబైలో కన్నుమూశారు. ఇప్పుడు హైదరాబాద్ రవీంద్రభారతిలో ఆయన పేరిట ప్రివ్యూ థియేటర్ ఉంది.

నాకు రిటైర్మెంట్ దగ్గరపడింది. నేను చూసిన పనులు ఇప్పుడు చిన్న ఇంజనీర్లు చూస్తున్నారు. మీటింగుల్లో నా కుర్చీ మెల్లగా పక్కకు జరుగుతోంది. మొదట్లో మనసుకు కష్టమైంది. ‘షోలే’లోని ఆ పెద్దాయన గుర్తొచ్చాక కొంత తేలికైంది. వేషం చిన్నదైనా నిండుగా నిలబడాలి, అంతే.

చివరగా చిన్న మనవి. మన బడి గ్రంథాలయంలో ఆయన ఫొటో ఒకటి పెడదాం, కింద పుట్టిన ఊరి పేరు పెద్ద అక్షరాల్లో రాయిద్దాం. ఫొటో ఖర్చు నాది.