పల్లె బాణీలకు ప్రాణము పోసిన యాన్ యోహాన్సన్

గ్రంథము విద్యను భద్రపఱచును. కాని దానిని తెఱచి చదువువాడు లేనినాడు ఆ విద్య గాదెలో మిగిలిన విత్తనము వంటిది. స్వీడను దేశమున పుస్తకములలో నిదురించుచున్న పల్లె బాణీలను మేలుకొలిపి యింటింటికిని చేర్చిన సంగీతజ్ఞుడు యాన్ యోహాన్సన్.

ఈయన 1931 సెప్టెంబరు 16వ తేదీన ఆ దేశపు తూర్పు తీరమందలి సోడర్‌హామ్న్ పట్టణమున జన్మించెను. బాల్యముననే పియానో నేర్చెను. పిమ్మట గోథెన్‌బర్గ్ నగరమందలి చాల్మర్స్ సాంకేతిక విద్యాలయమున విద్యుచ్ఛక్తి శాస్త్రము చదువుటకు చేరెను. ఇంజనీరైనచో జీవనమునకు లోటు లేదు. సంగీతమును నమ్మినవానికి రేపటి భుక్తికి పూచీ లేదు. అయినను ఆయన చదువు విడిచి జాజ్ సంగీతమునే వృత్తిగా గైకొనెను.

జాజ్ అనునది అమెరికాలోని నల్లజాతివారి నడుమ పుట్టిన సంగీతము. ఒక బాణీని ఆధారముగా గొని, వాయించువాడు తన మనోధర్మము ననుసరించి అప్పటికప్పుడు దానిని విస్తరించును. కోపెన్‌హాగన్ నగరమున అమెరికా విద్వాంసుడు స్టాన్ గెట్జ్ సరసన వాయించి, ముప్పది యేండ్లు నిండకమున్నే యోహాన్సన్ పేరు గాంచెను.

స్వీడను పల్లెలలో ఫిడేలు వాయించువారు తరతరములుగా వినికిడి వలననే బాణీలు నేర్చుచు వచ్చిరి. అవి వారితోనే యంతరించునను భయమున నిల్స్ ఆండెర్సన్ మొదలగువారు వానిని సేకరించి స్వరపఱచిరి. ఆండెర్సన్ 1921లో గతించినను పని నిలువలేదు. 1922 మొదలు 1940 వఱకు ఆ సేకరణ 24 సంపుటములుగా అచ్చయ్యెను.

అట్టి పాత బాణీలను కొన్నింటిని యోహాన్సన్ యెన్నుకొనెను. ఆయన పియానో వాయింప, గియోర్గ్ రీడెల్ మంద్రస్వరముల పెద్ద బాస్ వాద్యమును వాయించెను. వేఱు వాద్యము లేదు, ఆర్భాటము లేదు. బాణీని చెడనీయక ముందుగా వినిపించి, పిదప నించుక కదిపి, మరల దానికే వచ్చుట ఆయన పద్ధతి. దాలార్నా సీమలోని ఊటన్‌మీరా అను పల్లె పేరు గల బాణీ వానిలో ప్రసిద్ధము. స్వీడిషు జాజ్ అను నర్థము వచ్చు పేరుతో 1964లో వెలువడిన ఆ రికార్డు రెండున్నర లక్షలకు మించి అమ్ముడయ్యెను. ఆ దేశమున మఱి యే జాజ్ రికార్డును అంతగా అమ్ముడుపోలేదు. 1967లో ఆయన రష్యా బాణీలను నిట్లే వినిపించెను.

టెలివిజనుకును ఆయన సంగీతము కూర్చెను. పిల్లల రచయిత్రి ఆస్ట్రిడ్ లిండ్‌గ్రెన్ సృష్టించిన పిప్పి యను అల్లరిపిల్ల కథను టెలివిజనుకై చిత్రించినప్పుడు, రచయిత్రియే వ్రాసిన పాటకు బాణీ కట్టినది యోహాన్సనే. కాని ఆ కథ ప్రసారమగుట చూచు భాగ్యము ఆయనకు లేకపోయెను. 1968 నవంబరు 9వ తేదీన కచేరీకి పోవుచుండగా, స్టాక్‌హోమ్ చెంత సొల్లెంటూనాలో ఆయన కారు బస్సును ఢీకొనెను. ఆ ప్రమాదమున 37 యేండ్ల ప్రాయముననే మరణించెను. మూడు నెలలకు, 1969 ఫిబ్రవరిలో, ఆ పాట ప్రసారమై పిల్లల నోళ్ల నాడజొచ్చెను. ఆయన కుమారులు ఆండర్స్, యెన్స్ సంగీతజ్ఞులై తండ్రి రికార్డులను మరల వెలువరించిరి.

ఊరి ముసలివారు వాయించిరి, సేకర్తలు వ్రాసిరి, యోహాన్సన్ ఆ పుట తెఱచి వినిపించెను. ఈ మువ్వురిలో నే యొక్కరు లేకున్నను ఆ బాణీలు నేడు వినబడవు. గ్రంథాలయపు బీరువాలలో నింక నెన్ని పుటలు అట్టివాని కొఱకు వేచియున్నవో!