కట్టబొమ్మన్‌ను పట్టించింది ఒక్క ఎట్టప్పనేనా?

తమిళనాట ద్రోహిని ఎట్టప్పన్ అని తిడతారు. అది ఎట్టయపురం పాలెగాళ్ల పేరు. వాళ్లూ, పాంచాలంకురిచి పాలెగాడు వీరపాండ్య కట్టబొమ్మన్ కూడా ఇంట్లో తెలుగు మాట్లాడే రాజకంబళం నాయకర్లే. అందుకే ఈ కథ మన తిరునెల్వేలి, తూత్తుకుడి తెలుగువారికి ఇప్పటికీ నొప్పి కలిగిస్తుంది.

1760లో పుట్టిన కట్టబొమ్మన్ 1790లో గద్దెనెక్కాడు. రెండేళ్లకే ఆర్కాటు నవాబుతో కుదిరిన ఒప్పందం వల్ల పాలెగాళ్ల కప్పం వసూలు ఈస్టిండియా కంపెనీ చేతికి వచ్చింది. కిస్తులు బాకీ పడ్డాయి. 1798లో కలెక్టరు జాక్సన్ మాట్లాడదాం రమ్మని కబురుపెట్టి, కలవకుండా ఊరూరా తిప్పించుకున్నాడు. చివరకు రామనాథపురంలో కలిశాక నిర్బంధించబోయాడు. అక్కడి పెనుగులాటలో క్లార్క్ అనే అధికారి చనిపోయాడు. కట్టబొమ్మన్ తప్పించుకున్నాడు, మంత్రి సుబ్రహ్మణ్య పిళ్లై చిక్కాడు.

కంపెనీ విచారణ జరిపి జాక్సన్‌ను తొలగించింది, పిళ్లైని వదిలేసింది. గొడవ సద్దుమణుగుతుందనిపించింది. కానీ ఒకసారి పోయిన నమ్మకం తిరిగి రాలేదు. కట్టబొమ్మన్ మరుదు సోదరులతో చేయి కలిపాడు. చేరనన్న శివగిరిపైకి తన మనుషులను పంపాడు. ఎట్టయపురంతో ఎప్పటినుంచో సరిహద్దు తగాదా ఉంది. ఇలా పక్కవాళ్లే పగవాళ్లయ్యారు.

1799 సెప్టెంబరులో మేజర్ బ్యానర్‌మన్ కోటను ముట్టడించాడు. కట్టబొమ్మన్ రాత్రివేళ బయటపడ్డాడు. పిళ్లై దొరికి ప్రాణం పోగొట్టుకున్నాడు. తరిమినవాళ్లలో ఎట్టయపురం పాలెగాడు ముందున్నాడు. అయితే కట్టబొమ్మన్‌ను అడవిలో పట్టి కంపెనీకి అప్పగించింది పుదుక్కోట తొండమాన్ మనుషులు.

అక్టోబరు 16న కయత్తారులో ఇతర పాలెగాళ్లందరినీ రప్పించి, వాళ్ల కళ్లముందే విచారణ జరిపి, ఆరోజే ఉరితీశారు. ఆయన జంకలేదనీ, ఎట్టయపురం, శివగిరి పాలెగాళ్లను ఏవగింపుగా చూస్తూ నడిచాడనీ బ్యానర్‌మనే రాసిపెట్టాడు.

పాంచాలంకురిచి భూముల్లో కొంత ఎట్టయపురానికి బహుమానంగా దక్కింది. తమ్ముడు ఊమైదురై 1801లో పాళయంకోట జైలునుంచి తప్పించుకుని కోటను మళ్లీ కట్టాడు. ఆ ఏడే ఆయన్నీ ఉరితీసి కోటను నేలమట్టం చేశారు.

ఎట్టయపురం చేసింది చిన్న తప్పు కాదు. కానీ మాటకని పిలిచి పట్టుకోబోయింది కంపెనీ, చివరికి పట్టిచ్చింది పుదుక్కోట. తిట్టు మాత్రం ఒక్క పేరుకే మిగిలింది. కంపెనీకి భయపడి ఒకరినొకరు నమ్మని పాలెగాళ్లందరికీ ఇందులో వాటా ఉంది.