మృతకీటకాలకు చలనమిచ్చిన స్టారెవిచ్

ప్రకృతిశాస్త్ర ప్రదర్శనశాలలలో, గాజుపెట్టెల వెనుక సూదులు గుచ్చి అమర్చిన కీటకాలను మనలో చాలమందిమి చూచే ఉంటాము. ఆకారం చెడదు, రంగు చెడదు, పేరు వ్రాసిన చీటీ కూడ చెక్కు చెదరదు. లేనిది చలనమొక్కటే. ఆ లోపాన్ని సహించలేకపోయిన ఒక కళాకారుని జీవితాన్ని మేమిక్కడ స్మరింపదలచినాము.

లాదిస్లావ్ స్టారెవిచ్ 1882లో మాస్కోలో, లిథువేనియా ప్రాంతానికి చెందిన పోలిష్ కుటుంబంలో జన్మించాడు. పసితనంలోనే తల్లి గతించగా, నేడు కౌనాస్ అని పిలువబడే కోవ్నో నగరంలో బంధువుల ఇంట పెరిగాడు. బొమ్మలు గీయడం, కీటకాలను సేకరించడం ఆయనకు సమానమైన వ్యసనాలు. ఆ రెండూ కలిసి ఆయనను అక్కడి ప్రదర్శనశాలకు చేర్చాయి. ప్రదర్శనశాల కొరకు చలనచిత్రాలు తీయడం ప్రారంభించాడు.

దుప్పికొమ్ముల వంటి దవడలుగల ఒక జాతి పెంకుపురుగులున్నవి. వాటిలో మగవి ఆడదాని కొరకు పోరాడుతాయి. 1910లో ఆ పోరాటాన్ని చిత్రించబూనినాడు స్టారెవిచ్. కాని అవి రాత్రివేళ సంచరించే జీవులు; దీపాల వెలుగు పడగానే కదలిక మానివేశాయి. ప్రాణమున్నవి సహకరించకపోవడంతో ఆయన ప్రాణం లేనివాటిని ఆశ్రయించాడు. చచ్చిన పురుగుల కాళ్లను, దవడలను విడదీసి తీగతోను మైనంతోను తిరిగి అతికించాడు. వెంట్రుకవాసి కదిపి ఒక చిత్రం, మరల కదిపి మరొకటి తీశాడు. తెరమీద కొన్ని క్షణాల పోరాటానికి ఇట్టివి వందలు కావలె. ఆ ఓపికను తలచుకొన్నప్పుడు మాకు విస్మయం కలుగుతుంది.

తరువాత కథాచిత్రాలు వచ్చాయి. 1912 నాటి 'ఛాయాగ్రాహకుని ప్రతీకారం'లో పెంకుపురుగు దంపతులు పరస్పరం వంచించుకొంటారు. పురుగు వలచినది నర్తకియైన తూనీగను. వారి గుట్టును చిత్రించి తెరకెక్కించేది మిడత! ఆ రోజులలో ఇట్టి చిత్రాలను చూచి, ఇవి శిక్షణపొందిన కీటకాలని నమ్మినవారుండిరి. శవాలను ఆడించి సజీవమని భ్రమింపజేయడం శాస్త్రానికి ద్రోహం కాదా అని ఎవరైన అడుగవచ్చు. మేమట్లు తలచము. బ్రతికిన పురుగును ఏండ్లతరబడి పరిశీలించినవాడు గనుకనే చచ్చినదానిని అట్లు నడిపించగలిగినాడు. కథ కల్పితం; కాలి కదలిక మాత్రం పరిశీలన ఫలం.

రష్యా విప్లవానంతరం కుటుంబంతో దేశం విడిచి 1920లో ఫ్రాన్సు చేరాడు. పారిస్ సమీపాన ఫోంతెనే-సూ-బ్వాలోని ఇల్లే ఆయన చిత్రశాల అయింది. భార్య ఆనా బొమ్మలకు దుస్తులు కుట్టేది. పెద్దకుమార్తె ఇరేన్ చిత్రరచనలో తండ్రికి కుడిభుజమై నిలిచింది. నక్క కథను పూర్తినిడివి చిత్రంగా 18 నెలలలో తీసినా, శబ్దం కూర్చే చిక్కులవల్ల అది 1937లోగాని, అదీ బెర్లిన్‌లోగాని, వెలుగు చూడలేదు.

1933 నాటి 'ఫెతీష్' మాకు మిక్కిలి ప్రియమైనది. బొమ్మలు కుట్టి జీవించే ఒక పేదతల్లి. మంచంపట్టిన బిడ్డ నారింజపండు అడుగుతుంది. కొనే స్తోమత లేదు. తల్లి కన్నీటిచుక్క కుట్టుతున్న గుడ్డకుక్కలో పడి, దాని గుండెయై కొట్టుకొంటుంది. అమ్ముడుపోయిన ఆ కుక్క పండును సంపాదించి, ఆ రాత్రి సైతాను కొలువులో ఎముకలగూళ్లు, చెత్తకుప్పలోని వస్తువులు లేచి ఆడుతుండగా వాటి మధ్యనుండి తప్పించుకొని బిడ్డ వద్దకు చేరుతుంది. అదే కళ అక్కడ చావుకూ ఆటకట్టింది, ఇక్కడ గుడ్డపీలికకు ప్రాణమూ పోసింది.

1965 ఫిబ్రవరి 26న స్టారెవిచ్ మరణించేనాటికి కుక్కా పిల్లీ కథ ఒకటి చిత్రీకరణలో ఉన్నది. కదిపే చేయి లేక ఆ బొమ్మలు సగంలోనే ఆగినవి. ఆ చిత్రం నేటికీ అసంపూర్ణమే.