రఘుపతి సూర్యప్రకాశ్

తెలుగు చలనచిత్రములకు ఆద్యుడని రఘుపతి వెంకయ్యగారిని కొనియాడువారు పెక్కురు. ఆ తండ్రి కలలను ఫిల్ముపై నిలిపిన కుమారుడు ప్రకాశ్‌గారిని తలచువారు మాత్రము కొలదిమందియే.

వీరు 1901లో జన్మించిరి. చిత్రనిర్మాణము నభ్యసించుటకై తండ్రి పంపగా ఇంగ్లండునకేగి, లండను చెంతనున్న ఈలింగులో బార్కరు స్టూడియోలో పని నేర్చిరి. పిదప జర్మనీ, అమెరికా దేశములు చూచివచ్చిరి. జర్మనులు యుద్ధమున నోడియు, బెర్లిను సమీపమున గొప్ప స్టూడియోలలో వెలుగునీడలతోనే కథ చెప్పుట సాధించుచున్న కాలమది.

తిరిగివచ్చి తండ్రితో గూడి మద్రాసులో 'స్టార్ ఆఫ్ ది ఈస్ట్' సంస్థను స్థాపించి, 1921లో 'భీష్మప్రతిజ్ఞ' నిర్మించిరి. తెలుగువారి తొలి మూకచిత్రముగా దీనినే పరిగణింతురు. దర్శకులును, భీష్మపాత్రధారియు వారే. గంగగా నటించినది ఒక ఆంగ్లవనిత. అప్పటికి ప్రకాశ్‌గారికి ఇరువదియేండ్లు!

చిత్రములు తీయుటకంటె వానిని కూర్చుట కష్టము. కూర్పునకు వేరొక నిపుణుడుండుట అరుదైన ఆ దినములలో దర్శకుడే కత్తెర పట్టవలసివచ్చెడిది. అడుగు ఫిల్ములో 16 బొమ్మలుండును. వేయి అడుగుల చుట్ట ఇంచుమించు 16 నిమిషములాడును. అక్కరలేని భాగమును కత్తిరించి, అంచున పూతను గీకి, జిగురుతో అతికి, నడుమ సంభాషణములు వ్రాసిన ఫలకములను చేర్చవలెను. మూకచిత్రమునకు భాషాభేదము లేదందురు గాని, ఆ ఫలకములను చదువలేనివారికి ప్రదర్శనశాలలో ఒకరు బిగ్గరగా చదివి చెప్పవలసియుండెను. నాలుగు భాషలు వినవచ్చు నగర్తపేటలో పెరుగు మన విద్యార్థులకు ఈ చిక్కు విశదమే.

ప్రకాశ్‌గారి వద్ద పని నేర్చిన చిత్తజల్లు పుల్లయ్యగారు కాకినాడకేగి స్వయముగా చిత్రములు తీసిరి. 1934 నాటి 'లవకుశ' వారి దర్శకత్వమున వెలువడినదే.

గురువు స్థితి వేరు. వ్యయమునకు తగిన రాబడి లేక తండ్రీకొడుకుల సంస్థ మూతపడెను. ప్రకాశ్‌గారు ఇతరుల సంస్థలలో పనిచేయుచు మాటల చిత్రములలోనికి వచ్చిరి. 1940లో మొక్కపాటి నరసింహశాస్త్రిగారి 'బారిష్టరు పార్వతీశము'ను తెరకెక్కించిరి. అడుగడుగున తికమకపడుచు సీమకేగిన పార్వతీశముని కథను, నిజముగా సీమకేగి విద్య గడించివచ్చినవారే తీయుట ముచ్చటగొలుపును. మరుసటియేట 'తారాశశాంకము' వెలువడెను. వెంకయ్యగారు పరమపదించినదియు ఆ 1941లోనే.

ప్రకాశ్‌గారు 1956లో దివంగతులైరి. ఆనాటి ఫిల్ము నైట్రేటుతో చేసినది. కాలక్రమమున పొడియైపోవును, నిప్పంటినచో ఆర్పుట దుస్సాధ్యము. 'భీష్మప్రతిజ్ఞ' ప్రతి ఒక్కటియైనను నేడు లభించుటలేదు.